బొమ్మ అడుగున ఎవరి పేరు?

గత మాసమున మన నగరములో జరిగిన ఒక సాహిత్య పురస్కార సభలో వేదికనెక్కిన వారికందరికిని జ్ఞాపికగా ఒక్కొక్క ఏటికొప్పాక లక్కబొమ్మను చేతికిచ్చిరి. జాలరిపేటలోని మా కార్యాలయమునకు తిరిగివచ్చి, దాని అడుగు త్రిప్పి చూడగా, సభకు ధనమిచ్చిన వర్తకసంస్థ ముద్ర బంగారురంగులో మెరయుచుండెను. కవిపేరు పదిమారులు, దాతపేరు ఇరువదిమారులు వినబడిన ఆ సభలో, ఆ బొమ్మను తరిమెన పట్టినవాని పేరు ఒక్కరి నోటను రాలేదు.

అంకుడుకొయ్యను ఆరబెట్టి, తరిమెనకు బిగించి, గిరగిర తిరుగుచున్న దానిపై లక్కకడ్డీని అదిమినచో, రాపిడివేడికి లక్క కరగి రంగై అంటుకొనును. పిదప మొగలియాకుతో ఒత్తి మెరుగు పెట్టుదురు. ఎంత ఒత్తవలెనో, ఏ క్షణమున చేయి తీయవలెనో చేతికే తెలియును. ఆ చేతికొక తీరున్నది. వరాహనది ఒడ్డునున్న ఆ ఊరి బొమ్మలకు 2017లో భౌగోళిక గుర్తింపు లభించినది. 2025 గణతంత్రదినమున అవి రాష్ట్రశకటమై ఢిల్లీలో ఊరేగినవి. ఊరికి పేరు వచ్చినది, చేతికి రాలేదు.

కళను అమ్ముటయే దోషమని మేము చెప్పబోము. బట్టలు, పాత్రలు అమ్ము పెద్ద అంగళ్ల పై అంతస్తులలోనే చిత్రప్రదర్శనలు జరుపుట జపానువారికి చిరకాలపు అలవాటు. అచటి కొకేషీ బొమ్మయు మన బొమ్మవలె తరిమెనపై పుట్టినదే. తోహోకు ప్రాంతపు వేడినీటి బుగ్గలకు స్నానార్థమై వచ్చువారికి అమ్ముటకై చేసినదే. నరుకో ఊరి బొమ్మ తల త్రిప్పిన కీచుమని పలుకును. పుట్టుకతోనే సరుకైన ఆ బొమ్మ అడుగున చేసినవాడు సంతకము చేయును. ఎరిగినవారు ఆ సంతకము చూచియే కొందురు. పేరులేని పనివాని చేతిలోనే నిజమైన సౌందర్యమున్నదని జపాను కళాచింతకుడు యనాగి సోయెత్సు వాదించెను, ఆయన మిత్రుడు హమదా షోజీ తన కుండలపై సంతకము మానెను. కాని ఆ మానుట హమదా ఇష్టము, పైగా 1955లో ఆ దేశము ఆయనను పేరుపెట్టి పిలిచి జాతీయనిధిగా గౌరవించినది. ఏటికొప్పాక పనివానిని, నీ పేరు వేయుదుమా, మానుదుమా అని ఎవరడిగిరి? అడుగకుండ అతని పేరుండవలసినచోట తమ ముద్ర వేసికొనుట కళాపోషణ కాదు, అపహరణము. మరియొకని పద్యము క్రింద దాత తన పేరు వేసికొన్నచో ఆ వేదికపైని కవులు ఊరకుందురా? బొమ్మ విషయమున ఊరకుండిరి. వారిలో మేమును ఉంటిమి.

సభ జరిగిన మరునాడు మా వాకిట వల బాగుచేయుచున్న కుర్రవాని చొక్కాపై జపాను చిత్రకారుడు హొకుసాయి కెరటము కనబడినది. 1831 ప్రాంతమున అచ్చై, 2024లో జపాను వేయి యెన్ల నోటుపైకి ఎక్కిన ఆ చిత్రమున మూడు పడవలును, వాటిలో వంగి తెడ్లు పట్టిన మనుష్యులును, ఎడమవైపు పైమూలన చిత్రకారుని సంతకమును కలవు. చొక్కాపై కెరటము మాత్రమే మిగిలినది.

"ఆ బొమ్మ ఎవరు వేసిందిరా?" అని అడిగితిమి.

"తెల్దండి బాబూ, పూర్ణామార్కెట్లో కొన్నాను."

అసలు చిత్రమును పుస్తకములో చూపగా చాలసేపు చూచి, "మరి నా చొక్కా మీద బోట్లేవండి?" అని అడిగెను. వాని వెనుక ఇసుకలో నిలిపిన ఫైబరు బోటు ముక్కున, వాని నాయనమ్మ పేరు జానెడేసి ఎర్రని అక్షరములతో వ్రాసియున్నది.

ఆ సాయంత్రమే జ్ఞాపికను నిర్వాహకులకు తిరిగి పంపితిమి. లేఖలో ఒక్క ప్రశ్నయే వ్రాసితిమి: దీనిని చేసినవారెవరు? ఈ సంచిక అచ్చునకు పోవువరకు జవాబు రాలేదు. వచ్చువారము ఏటికొప్పాక పోయి మేమే అడిగి తెలిసికొందుము.