బండి వదిలారు, మరి కేసు?

నదీతీర మండలాల్లోని పోలీస్ స్టేషన్ల ఆవరణల్లో పట్టుబడ్డ ఇసుక ట్రాక్టర్లు, టిప్పర్లు వరుసగా నిలిపి ఉంటాయి. టైర్లలో గాలి దిగిపోయి ఉంటుంది. ట్రక్కులో మిగిలిన ఇసుకలో గడ్డి మొలుస్తుంది. కొన్నాళ్లకు బ్యాటరీ మాయమవుతుంది. ఇలా తుప్పు పట్టే బండి వల్ల నదికి గానీ ప్రభుత్వానికి గానీ ఒరిగేదేమీ లేదు. స్వాధీనం చేసుకున్న వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచొద్దని, పంచనామా రాసి, ఫోటోలు తీసి, తగిన పూచీకత్తుపై అప్పగించాలని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 497వ సెక్షన్ దీనికి గడువులు కూడా పెట్టింది. వస్తువు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో దాని వివరాల పట్టిక తయారు కావాలి. పట్టిక, ఫోటోలు పూర్తయ్యాక 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో తేల్చాలి.

కాబట్టి ఇసుక బండిని వదిలిన ప్రతిసారీ కోర్టును తప్పుపట్టడం న్యాయం కాదు. అసలు లోపం బండి గేటు దాటిన తర్వాత మొదలవుతుంది.

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం బలహీనమైనదేమీ కాదు. 2015 సవరణతో అక్రమ తవ్వకానికి అయిదేళ్ల వరకు జైలు, హెక్టారుకు రూ.5 లక్షల వరకు జరిమానా వేసే వీలు వచ్చింది. 21వ సెక్షన్ కింద వాహనాన్ని, యంత్రాన్ని స్వాధీనం చేసుకోవచ్చు, కోర్టు ఉత్తర్వుతో శాశ్వతంగా జప్తు చేయవచ్చు. అయితే 22వ సెక్షన్ ప్రకారం అధీకృత అధికారి రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తేనే కోర్టు ఆ నేరాన్ని విచారణకు స్వీకరిస్తుంది. పోలీసులు ఎఫ్‌ఐఆర్ కట్టి ఊరుకుని, గనుల శాఖ ఫిర్యాదు దాఖలు చేయకపోతే ఆ చట్టం కింద జప్తు అడిగే దిక్కే ఉండదు. నది నుంచి ఇసుక ఎత్తుకుపోవడాన్ని దొంగతనంగా విడిగా విచారించవచ్చని 2014లో సంజయ్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. గనుల చట్టం కింద డబ్బు కట్టి రాజీ చేసుకున్నా దొంగతనం కేసు పోదని 2020లో జయంత్ కేసులో తేల్చింది. ఇన్ని ఆయుధాలు చేతిలో ఉన్నా ఫైలు కదలకపోతే వాటిని వాడేదెవరు?

ఇక ఈ కేసుల్లో ఎవరు ఇరుక్కుంటున్నారో చూడాలి. కూలికి బండి నడిపిన డ్రైవర్ నిందితుడవుతాడు. యజమాని మాత్రం ఆర్‌సీ, ఫైనాన్స్ కాగితాలు పట్టుకుని, తనకేమీ తెలియదంటూ మధ్యంతర కస్టడీ కోరతాడు. కిస్తీలు కట్టుకుంటూ ఒక్క ట్రాక్టర్‌తో బతికే రైతు విషయంలో ఆ మాట నిజం కావచ్చు. పది టిప్పర్లు రాత్రంతా తిప్పే కాంట్రాక్టర్ నోట అదే మాట వస్తే నమ్మలేం. ఇద్దరికీ ఒకే తీరు పూచీకత్తు అడిగితే చిన్నవాడు చితికిపోతాడు, పెద్దవాడు దాన్ని వ్యాపార ఖర్చు కింద రాసుకుంటాడు. షోరూమ్ ధరలో కనీసం సగం వసూలు చేయకుండా అలాంటి వాహనాలను వదలొద్దని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2019లో చెప్పింది. కృష్ణా నదిలో అక్రమ తవ్వకాలపై అదే ఏడాది ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాన్ని రూ.100 కోట్లు జమ చేయమన్నదీ ఈ ట్రిబ్యునలే.

నా దృష్టిలో చేయాల్సింది పెద్దగా ఏమీ లేదు. బండి విడుదల పిటిషన్ విచారణకు వచ్చే రోజుకే గనుల శాఖ ఫిర్యాదు కోర్టులో ఉండాలి. లేకపోతే ఎందుకు లేదో సంబంధిత అధికారి చెప్పాలి. అదే నంబరు బండి ఇంతకుముందు పట్టుబడిందా, ఆ యజమాని పేరున ఇంకెన్ని కేసులున్నాయి అన్న వివరాలు ప్రాసిక్యూటర్ చేతిలో ఉండాలి. రెండోసారి పట్టుబడ్డ బండికి మధ్యంతర విడుదల దక్కకూడదు. ఆ నంబరుకు ఏ ఇసుక రీచ్‌లోనూ వే బిల్లు పుట్టకుండా ఆన్‌లైన్‌లోనే ఆపేయాలి.

ఇసుక పోయిన వాగు నీటిని పట్టి ఉంచలేదు. పక్కనున్న బోర్లలో నీరు అడుగంటుతుంది, వంతెన స్తంభాల పునాదులు బయటపడతాయి. ఆ నష్టాన్ని ఏ పూచీకత్తూ పూడ్చలేదు. రెండు తెలుగు రాష్ట్రాల గనుల శాఖలూ తమ జిల్లాల్లో ఎన్ని వాహనాలు పట్టుకున్నాయో, ఎన్నింటిపై ఫిర్యాదు వేశాయో, ఎన్నింటిని జప్తు చేయించాయో ఏటా ప్రజల ముందు పెట్టాలి.