తలుపు తట్టేది మనిషేనా?

పండక్కి ఊరెళ్లాలంటే చందాపుర తెలుగువాళ్లకు ఉదయం పది, పదకొండు గంటలే గండం. తత్కాల్‌ తెరిచేది అప్పుడే. పాస్‌వర్డు కొట్టి లోపలికెళ్లేసరికి వెయిటింగ్‌ లిస్టు! కారణం 2025 జూన్‌లో రైల్వే శాఖే చెప్పింది. మొదటి ఐదు నిమిషాల్లో వచ్చే లాగిన్‌లలో సగం దాకా బాట్లవేనట. అనుమానమున్న 2.5 కోట్ల ఐడీలను మూసేసింది.

ఈ విద్య కొత్తదేం కాదు. పక్కనే ఎలక్ట్రానిక్‌ సిటీలో టెస్టింగ్‌ చేసే మన పిల్లలు రోజూ వాడేదే. 2004లో పుట్టిన సెలీనియం లాంటి పనిముట్లు మనిషికి బదులు పేరు, పాస్‌వర్డు కొట్టి లాగిన్‌ పనిచేస్తోందో లేదో చూస్తాయి. ఇంకోచోట చోరీ అయిన పాస్‌వర్డుల జాబితా వాటికందిస్తే, తాళంచెవులు ఒక్కోటీ తిప్పి చూసే దొంగలవుతాయి. అన్నిచోట్లా ఒకటే పాస్‌వర్డు పెట్టుకున్నవాళ్లు (మనలో ఎందరో!) ఇట్టే దొరికిపోతారు.

పనిముట్టును తిట్టి లాభం లేదు. ఒకే చోటినుంచి వందసార్లు తలుపు తడుతుంటే లెక్కపెట్టి ఆపాల్సింది ఇంటివాడే. రైల్వే 2025 జులైలో ఆన్‌లైన్‌ తత్కాల్‌కు ఆధార్‌, ఓటీపీ పెట్టింది. మంచిదే. కానీ ఆధార్‌కిచ్చిన ఫోన్‌ నంబరు ఎప్పుడో పోయిన కూలీకి ఆ దారి మూసుకుంది. బాట్ల పాపానికి అతనెందుకు పని మానుకుని కౌంటరు దగ్గర నిలబడాలి? నంబరు మార్పించే శిబిరం ఇలాంటి కార్మికవాడలో పెట్టడం సర్కారుకు అంత కష్టమా?