కౌన్సెలింగ్‌కు ముందే చెప్పండి

అఖిల భారత సాంకేతిక విద్యా మండలి (ఏఐసీటీఈ) అధ్యక్షుల వారికి,

నూజివీడులో మామిడి రసాలు అమ్మిన డబ్బుతోనే పిల్లల ఇంజినీరింగ్ ఫీజులు కడతాం. పార్శ్వనాథ్ ట్రస్టు కేసులో 2012 డిసెంబరులో సుప్రీంకోర్టు మీకు గడువు పెట్టింది: కాలేజీకి అనుమతి ఇచ్చినా, నిరాకరించినా ఏప్రిల్ 10 లోపే. మీ విచారణలో ఉన్న కాలేజీ కోర్టు నుంచి మధ్యంతర ఉత్తర్వు తెచ్చుకుంటే ఏ గడువుకైనా విలువేముంది? కోర్టుకెళ్లడం వాళ్ల హక్కు, కాదనను. కానీ మీ నిరాకరణ ఉత్తర్వు కారణాలు రాయక వీగిపోతే తప్పెవరిది? 2009లో అనుమతుల లంచాల కేసుల్లో సీబీఐ మీ గడపే తొక్కింది. తనిఖీ నివేదికలు దాచుకుంటే ఎవరు నమ్ముతారు?

కాయకు కార్బైడ్ వేశారో లేదో తొడిమ వాసన చూసి చెబుతాం. కాలేజీకి అలా కుదరదు కదా! మీ అనుమతుల జాబితాలో కేసున్న ప్రతి కాలేజీ పేరు పక్కన ఆ సంగతి తెలుగులో, కౌన్సెలింగ్‌కు ముందే పెట్టించండి.

ఇట్లు,
ఒక మామిడి రైతు, నూజివీడు