జాగ్రెబ్ దాక ఉరికిన ఇందూరు బిడ్డ

టీవీల ఫుట్‌బాల్ మ్యాచ్ నడుస్తుంటే మా భిక్నూర్ హోటల్ కాడ కూసున్న పెద్దమనుషులు అడిగే మాట ఒక్కటే: "గీండ్లల్ల మనోడు ఎవ్వడన్న ఉన్నడా?" క్రికెట్ అయితే సిరాజ్ ఉన్నడని జెప్తం, బాక్సింగ్ అంటే నిఖత్ జరీన్ ఉన్నదని ఛాతీ ఇరుసుకుంటం. ఫుట్‌బాల్ కాడికొచ్చేవరకు ఒకల మొఖం ఒకలం జూసుకుంటం.

మనోడు లేడు గని మనామె ఉన్నదుల్లా! గుగులోత్ సౌమ్య. ఇంటిపేరు వింటెనే ఎరుకైతది, లంబాడా బిడ్డ. ఊరు నిజామాబాద్ దిక్కు, అదే మన ఇందూరు. 2016 దసరా నాడు కామారెడ్డి జిల్లా అయ్యేదాక మనది సుత గదే జిల్లా గదా, గందుకే మనామె అనే హక్కు మనకున్నది. ఎవ్వలన్న కాదంటే నా కాడికి పంపుండ్రి.

2022ల గీ పిల్ల యూరప్ పోయింది. చుట్టపుచూపుకు కాదు, చదువుకు కాదు, బంతి తన్నెతందుకు. క్రొయేషియా రాజధాని జాగ్రెబ్‌ల డైనమో జాగ్రెబ్ అని పెద్ద క్లబ్బు ఉన్నది. లూకా మోడ్రిచ్ అసొంటోడు ఎదిగొచ్చిన క్లబ్బు. ఆ క్లబ్బు ఆడోళ్ల జట్టుల సౌమ్యకు, మధ్యప్రదేశ్‌కెళ్ళి వచ్చిన జ్యోతి చౌహాన్‌కు జాగ దొరికింది. ఉత్తగనే దొరకలే. ఇక్కడ క్యాంపుల ఎంపికై, ఆడ ట్రయల్స్ ఇచ్చి, వాళ్ల కోచ్‌ల కండ్లకు ఆనినంకనే సంతకాలైనయి.

"క్రొయేషియా యాడుందిరా?" అంటడు మా కాక. ఇటలీ పక్కపొంటి, సముద్రానికి ఇవతల. దేశం మొత్తం జనం నలభై లక్షలు గూడ లేరు, మన హైదరాబాద్‌ల సగం లేరన్నట్టే. గంత చిన్న దేశం 2018ల వరల్డ్ కప్ ఫైనల్ ఆడింది, 2022ల మూడో జాగల నిలవడ్డది. నూట నలభై కోట్ల మందిమి మనం ఏం జేస్తున్నమంటే, టీవీ ముంగట గూసోని మనోడెవ్వడని అడుగుతున్నం.

క్రొయేషియా అంటె నాకు ఇంకో పొలగాడు యాదికొస్తడు. వాడు క్రొయేషియాల పుట్టినోడు కాదు, అమెరికా పొలగాడు. క్రిస్టియన్ పులిసిక్. పెన్సిల్వేనియాల హెర్షీ అని ఊరు, చాక్లెట్ కంపెనీ పేరుతోటే నడిచే ఊరు. 1998ల పుట్టిండు. అమ్మ, నాయిన ఇద్దరు కాలేజీ దినాలల్ల ఫుట్‌బాల్ ఆడినోళ్లే. ఆయింత పొలగానికి పదహారేండ్లు పడంగనే జర్మనీల బొరుస్సియా డార్ట్‌మండ్ క్లబ్బుకు పోయిండు. పదిహేడేండ్లకే పెద్ద జట్టుల ఆడిండు, అదే యేడు గోల్ సుత కొట్టిండు. ఇరవై యేండ్లు నిండినంక కొన్ని నెలలకే చెల్సీ వాళ్లు 6.4 కోట్ల యూరోలు పెట్టి కొన్నరు. 2021ల ఛాంపియన్స్ లీగ్ ఫైనల్ ఆడిన మొదటి అమెరికా మొగపొలగాడు వీడే, కప్పు సుత గెలిచిండ్రు. 2023ల ఇటలీకి, ఏసీ మిలాన్‌కు మారిండు.

ఇదంత ఆట బలమే అనుకుంటున్నరా? ఆట ఉన్నది, కాదనం. గని అసలు కీలకం ఒక కాగితం. పద్దెనిమిదేండ్లు నిండని పిల్లలను ఒక దేశం క్లబ్బుకెళ్ళి ఇంకో దేశం క్లబ్బుకు తీస్కపోవద్దని ఫిఫా రూలు. పిల్లలను ఆట పేరుమీద ఎత్కపోయి ఆగం జేస్తరని పెట్టిన రూలు, మంచిదే. దాంట్లె కొన్ని మినహాయింపులున్నయి. ఐరోపా యూనియన్ లోపట్నే ఒక దేశంకెళ్ళి ఇంకో దేశం పోతే పదహారుకే పోవచ్చు. పులిసిక్ వాళ్ల తాత క్రొయేషియాల ఓలిబ్ అనే చిన్న దీవిల పుట్టినోడు. తాత తోవ పట్టుకోని మనుమడు క్రొయేషియా పాస్‌పోర్టు తీసుకున్నడు, జర్మనీ తలుపు రెండేండ్లు ముంగటనే తెరుసుకున్నది. మన దిక్కు తాత కాగితమంటే పట్టాదారు పాస్‌బుక్కు, అన్నదమ్ములు దాని కోసం కొట్టుకుంటరు. ఆ పొలగానికి తాత కాగితం ఫుట్‌బాల్ పొలం రాసిచ్చింది.

పదహారుకు పద్దెనిమిదికి నడిమిట్ల రెండేండ్లే ఆటగాణ్ని తయారు జేస్తయని పులిసిక్ తనే ఒక వ్యాసంల రాసుకున్నడు. తన తోటి అమెరికా పొలగాండ్లు అప్పటికి ఇంట్ల కూసోని పద్దెనిమిది ఎప్పుడు నిండుతదా అని జూస్తున్నరు.

ఇగ మన సౌమ్య దిక్కు రాండ్రి. ఆమె జాగ్రెబ్ పోయేటాల్లకు ఇరవై యేండ్లు దాటినయి. ఆమె కంటె ముంగట యూరప్ పోయిన బాలాదేవి, మణిపూర్ బిడ్డ, 2020ల స్కాట్లాండ్ రేంజర్స్‌కు సంతకం పెట్టేవరకు ముప్ఫైకి దగ్గరవడ్డది. సౌమ్య పోయిన యేడే మనీషా కల్యాణ్ సైప్రస్ పోయి ఛాంపియన్స్ లీగ్ ఆడింది. వీళ్లెవ్వలకు తాత దీవి లేదు. అందరు లేటుగ పోయినోళ్లే. పోయే తోవ లేక లేటు.

జాగ్రెబ్‌ల జ్యోతి హ్యాట్రిక్ కొట్టింది, పేపర్లల్ల మస్తు వచ్చింది. సౌమ్య పేరు గంత మోగలే. కొన్నాళ్లకు వాపస్ వచ్చింది. ఇగ జూడుండ్రి, హోటల్ కాడ ఒకాయన అన్నడు: "అగో, నడవనట్టున్నది, అందుకే వచ్చింది." దుబాయ్ పోయి ఉత్త చేతులతో వచ్చినోణ్ని జూసినట్టు మాట్లాడిండు. మా దిక్కు గల్ఫ్ కత గంత లోతుగ నాటుకున్నది మరి, బయటికి పోయిన మనిషి తెచ్చిన సూట్‌కేసును బట్టే లెక్క.

నాకైతే ఆ మాట మనసుకెక్కలే. ఆటగాళ్ల సూట్‌కేస్ వేరే ఉంటది. వచ్చినంక ఏం జేసిందో జూడాలె. ఈస్ట్ బెంగాల్ జట్టుల జేరింది. 2024-25ల ఆ జట్టు మొదటిసారి ఇండియన్ విమెన్స్ లీగ్ గెలిచింది, గ్రౌండ్ అంచుల పొంటి ఉరికి గోల్స్ కొట్టినోళ్లల్ల సౌమ్య ఉన్నది. అదే సీజన్‌కు అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య ఆమెను దేశంల మేటి క్రీడాకారిణిగ ఎంచుకున్నది. దేశం మొత్తంల! మన పాత జిల్లా బిడ్డ! ఈ సంగతి ఊర్ల ఎంతమందికి ఎరుక? ఎమ్మెల్యే బర్త్‌డే ఫ్లెక్సీ అయితే హైవే మీద వారం ముంగటనే లేస్తది.

2025 జూన్, జులైల ఆడోళ్ల ఆసియా కప్ క్వాలిఫయర్లు థాయ్‌లాండ్ల జరిగినయి. మంగోలియా మీద మన పిల్లలు 13 గోల్స్ కొట్టిండ్రు. ఆఖరికి థాయ్‌లాండ్‌ను వాళ్ల గడ్డ మీదనే 2-1తోటి ఓడగొట్టి 2026ల ఆస్ట్రేలియా టిక్కెట్టు దొరకవట్టిండ్రు. క్వాలిఫయర్లు ఆడి గెలిచి పోవుడు మనోళ్లకు ఇదే మొదటిసారి. ఆ జట్టుల సౌమ్య ఉన్నది.

అయితే నన్ను తొలిచే సంగతి ఇంకోటున్నది. మన ఆడోళ్ల లీగ్ షురూ అయ్యింది 2017ల. అప్పుడు జట్లన్నిటిని ఒక్క ఊర్ల దింపి, కొన్ని దినాలల్ల మ్యాచులన్ని ఒడగొట్టేది. సొంతూర్ల ఒకటి, ఎదుటోళ్ల ఊర్ల ఒకటి అని పద్ధతిగ ఆడుడు 2023-24లనే మొదలైంది. 2024-25ల ఎనిమిది జట్లు, ఒక్కో జట్టుకు 14 మ్యాచులు. యేడాదికి 14! పెద్దోళ్ల లీగ్ సంగతే గిట్లుంటే, పన్నెండేండ్ల పొల్లకు మ్యాచులు యాడికెళ్ళి వస్తయి?

ఫుట్‌బాల్ మన గడ్డకు కొత్తదేం కాదు. హైదరాబాద్ రహీం సాబ్ కోచ్‌గ ఉన్నప్పుడు ఇండియా 1951ల, 1962ల ఆసియా క్రీడల బంగారం తెచ్చింది, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌ల నాలుగో జాగల నిలిచింది. అప్పటి ఇండియా జట్టుల ఆడిన తులసీదాస్ బలరాం మన సికింద్రాబాద్ పొలగాడే. ఆ కాలం ముచ్చట జెప్పుకుంటె తెల్లారుతది, ఇంకో వారం జెప్త.

మొన్న మా కాక మల్లా అడిగిండు, "అయితే నా మనుమరాలు పదహారేండ్లకు జర్మనీ పోలేదా?" అని. పోలేదు కాకా, రూలు ఒప్పుకోదు, పద్దెనిమిది నిండాలె. "మరి అప్పటిదాక ఏడ ఆడాలె?" అన్నడు. బడి గ్రౌండ్ల వాలీబాల్ నెట్టు ఉన్నది, కబడ్డీ కోర్టుకు సున్నం గీతలున్నయి, గోల్ కర్రలు లేవు. సర్పంచ్‌ను అడుగుదామని లేసి చెప్పులేసుకున్నడు కాక, చాయ్ పైసలు నాతోటే కట్టిచ్చి.