ఒక్క ఎన్నికకే పరిమితమైన ఎంపీ సీటు

పాతపట్నం అంటే శ్రీకాకుళం వాళ్లకి ముందు నీలమణి దుర్గమ్మ గుర్తొస్తుంది. ఊరు దాటితే పర్లాకిమిడి, అంటే ఒడిశా. ఎమ్మెల్యే సీటుగా ఈ పేరు మీరు వినే ఉంటారు. కానీ ఒకప్పుడు పాతపట్నం ఎంపీ సీటు కూడా. 1952లో ఒక్క సాధారణ ఎన్నిక చూసింది, అంతే. 1957 వచ్చేసరికి లిస్టులో పేరు లేదు.

ఆ ఒక్కసారి గెలిచింది ఎవరో తెలుసా? వి.వి. గిరి. తర్వాత రాష్ట్రపతి అయిన ఆయనే! అప్పటికి ఆంధ్ర రాష్ట్రం కూడా రాలేదు, మనమింకా మద్రాసు కిందే ఉన్నాం. బరంపురంలో పుట్టిన గిరికి ఈ ప్రాంతం కొత్తేమీ కాదు. 1937లో బొబ్బిలి రాజాని బొబ్బిలిలోనే ఓడించిన మనిషి. పాతపట్నం ఎంపీగా వెళ్లి నెహ్రూ కేబినెట్‌లో కార్మిక మంత్రి అయ్యారు. బ్యాంకు ఉద్యోగులకు ట్రిబ్యునల్ ఇచ్చిన అవార్డును ప్రభుత్వం మార్చేసిందని 1954లో రాజీనామా చేసేశారు. ఈ రోజుల్లో అయితే ఎన్ని రీల్స్ వచ్చేవో!

1957లో ఆయన పార్వతీపురం నుంచి నిలబడ్డారు. నాకు ఆసక్తి అనిపించేది ఇక్కడే. పార్వతీపురం ఇద్దరు ఎంపీల సీటు. అప్పట్లో దేశంలో ఇలాంటివి 91 ఉండేవి. ఓటరుకు రెండు ఓట్లు, రెండూ ఒకరికే వేయకూడదు. ఇద్దరిలో ఒకరు తప్పనిసరిగా ఎస్టీ. ఎస్టీ అభ్యర్థుల్లో ఎక్కువ ఓట్లొచ్చిన వాళ్లకి ముందు రిజర్వ్‌డ్ సీటు ఇస్తారు. మిగిలిన వాళ్లందరిలో ఎవరికి ఎక్కువ వస్తే రెండో సీటు వాళ్లది.

రిజర్వ్‌డ్ సీటు బి. సత్యనారాయణకు వెళ్లింది. రెండోది గిరికే అనుకున్నారు. కానీ డిప్పల సూరిదొర 565 ఓట్లు ఎక్కువ తెచ్చుకున్నారు. ఆయనా ఎస్టీయే.

గిరి కోర్టుకెక్కారు. ఎస్టీ అభ్యర్థికి జనరల్ సీటు ఎలా ఇస్తారన్నది ఒక వాదన. సూరిదొర తనను క్షత్రియుడిగా రాసుకున్నారు కాబట్టి అసలు ఎస్టీయే కాదన్నది ఇంకోటి. కేసు నడుస్తుండగానే గిరి ఉత్తరప్రదేశ్ గవర్నర్ అయ్యారు. 1959లో సుప్రీంకోర్టు రెండు వాదనలూ కొట్టేసింది.

అంత పెద్ద నాయకుడికి అన్యాయం జరిగిందని అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. రిజర్వేషన్ అంటే కనీసం ఒకరు ఉండాలని, ఒకరికి మించకూడదని కాదు. సూరిదొరకు జనం ఓట్లేశారు, ఆయన గెలిచారు. ఇందులో దొడ్డిదారి ఏముంది?

1961లో పార్లమెంటు ఇద్దరు ఎంపీల సీట్లనే రద్దు చేసింది. సీటుకు ఒక్కరే అన్నాక, ఎస్టీ అభ్యర్థి అంటే ఎస్టీ సీటుకే అన్నట్టు పార్టీలు టికెట్లు పంచడం మొదలుపెట్టాయి. జనరల్ సీట్లో ఎస్టీ అభ్యర్థిని మీరు ఎన్నిసార్లు చూశారు?

పార్వతీపురం 1962 నుంచి ఎస్టీ రిజర్వ్‌డ్. 2008 పునర్విభజనలో అదీ పోయి అరకు వచ్చింది. పాతపట్నం ఓటర్లు ఇప్పుడు శ్రీకాకుళం ఎంపీకి ఓటేస్తున్నారు. మళ్లీ డీలిమిటేషన్ మాట వినిపిస్తోంది కాబట్టి, ఈసారి మ్యాప్ వచ్చినప్పుడు సీట్ల సంఖ్య ఒక్కటే చూడకండి, మీ ఊరు ఏ గీతకు అటుందో ఇటుందో కూడా చూసుకోండి.