నిఘా కెమెరాలకూ హద్దులుండాలి

తెలంగాణ రాష్ట్ర హోం శాఖ ముఖ్య కార్యదర్శి గారికి బహిరంగ లేఖ



హైదరాబాద్‌లో గల్లీ మలుపున స్తంభానికి బిగించిన నిఘా కెమెరా రోడ్డుతో పాటు ఎదురింటి గుమ్మాన్నీ చూస్తుంది. తెల్లవారుజామున ముగ్గు వేసే ఇల్లాలు, రాత్రి ఆలస్యంగా ఇల్లు చేరే అమ్మాయి, వచ్చిపోయే చుట్టాలు అందరూ అందులో నమోదవుతారు. 2013 నాటి ప్రజాభద్రత చట్టం జనం గుమిగూడే సంస్థల్లో కెమెరాలను తప్పనిసరి చేసి, దృశ్యాలను 30 రోజులు భద్రపరచాలంది. పోలీసుల ‘నేను సైతం’ కార్యక్రమం కింద కాలనీలు, దుకాణాలు కూడా కెమెరాలు పెట్టుకున్నాయి. 2022లో బంజారాహిల్స్‌లో కెమెరాల దృశ్యాలను పర్యవేక్షించే పోలీసు కమాండ్ కంట్రోల్ సెంటర్ ప్రారంభమైంది. దొంగతనాలు, రోడ్డు ప్రమాదాల దర్యాప్తులో కెమెరాలు అక్కరకొస్తున్న మాట నిజం.

అయితే గోప్యత ప్రాథమిక హక్కని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకగ్రీవంగా తేల్చింది. దాన్ని పరిమితం చేయాలంటే చట్టం ఉండాలి, ప్రయోజనం న్యాయమైనదై ఉండాలి, చర్య అవసరాన్ని మించకూడదు. అయినా కెమెరా దృశ్యాల్లోని ముఖాలను గుర్తుపట్టే సాంకేతికతకు దేశంలో ప్రత్యేక చట్టమే లేదు. 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం ప్రభుత్వ సంస్థలను తన పరిధి నుంచి మినహాయించే వీలు కల్పించింది.

కాబట్టి ఇళ్లలోకి చూసే కెమెరాల కోణం సరిచేయాలి. దృశ్యాలను ఎవరు, ఎందుకు చూశారో నమోదు కావాలి. గడువు తీరగానే వాటిని చెరిపేయాలి. చట్టం వచ్చేవరకు ముఖ గుర్తింపును నిలిపివేయాలి.