మొక్క నాటే ముందు చెట్టు పేరు

మాలో చాలామందికి సొంత ఊరంటే సెలవుల్లో వెళ్లే ఊరు. అమ్మకో నాన్నకో బదిలీ ఉత్తర్వు రాగానే సామాను సర్దుకుంటాం. ఒకరు డెహ్రాడూన్ నుంచి, ఒకరు షిల్లాంగ్ నుంచి, ఇంకొకరు విశాఖపట్నం నుంచి వస్తారు. కొత్త చోట భాష, తిండి తొందరగానే అలవాటవుతాయి. చెట్ల సంగతి మాత్రం ఎవరూ పట్టించుకోరు. హిమాలయాల్లో మూడేళ్లు చదివి వచ్చినా సూదుల్లాంటి ఆకులున్న ప్రతి చెట్టూ 'క్రిస్మస్ చెట్టే'. ఇది బాగాలేదని మా అభిప్రాయం.

గుర్తుపట్టడం అంత కష్టమేమీ కాదు. పైన్ చెట్టు కింద రాలిన సూదుల గుత్తి ఒకటి తీసి లెక్కపెట్టండి. ఉత్తరాఖండ్, హిమాచల్ కొండల దిగువన గుత్తికి 3 పొడవాటి సూదులుంటే చాలావరకు అది చీర్ పైన్. 5 ఉంటే మరింత ఎత్తున పెరిగే కైల్. మేఘాలయలోని ఖాసీ పైన్‌కూ మూడే, కాకపోతే ఇంకా సన్నం. దేవదారు వేరే జాతి. దాని పొట్టి సూదులు కొమ్మ మీద కుచ్చులు కుచ్చులుగా ఉంటాయి. కాయ చెట్టు మీదే పొరలుగా విడిపోతుంది. మనం ఏరుకొచ్చి రంగులేసే కాయలు పైన్‌వే.

కోస్తా నుంచి వచ్చినవాళ్లు పైన్‌ను చూసి "మా సరుగుడే కదా!" అంటారు. రెండింటికీ చుట్టరికం లేదు. సరుగుడులో సూదిలా కనిపించేది సన్నని రెమ్మ. మెల్లగా లాగితే కణుపు దగ్గర ఊడుతుంది. ఆ కణుపు చుట్టూ ఉన్న చిన్న పళ్లలాంటివే అసలు ఆకులు. అలాగే బడి గేటు పక్కన స్తంభంలా నిలబడేది అశోకం కాదు, నరమామిడి. అశోకానికి నారింజరంగు పూలగుత్తులు వస్తాయి.

ఇక పెంచడం. 1950లో కె.ఎం. మున్షీ మొదలుపెట్టిన వనమహోత్సవం ఏటా జూలై మొదటి వారంలో వస్తుంది. మొక్కలు నాటుతాం, ఫొటో దిగుతాం. మరుసటి మే నెలలో బడికి తాళం. అప్పుడు నీళ్లెవరు పోస్తారు?

వంద మొక్కలు తెప్పించి నాటడం కంటే, ఆ ప్రాంతపు చెట్టును నాలుగు గింజల నుంచి పెంచడం మేలని మేమంటాం. మైదానాల ఎండలో దేవదారు నాటితే అది ఫొటోకే. అక్కడ వేప వేయాలి. వేపగింజ కొద్ది వారాల్లోనే మొలకెత్తే గుణం కోల్పోతుంది కాబట్టి పండు రాలగానే గుజ్జు కడిగి సంచిలో నాటాలి. చింతగింజ అయితే నెలల తరబడి దాచుకోవచ్చు. కొండల మీది బడుల్లో ఉన్నవాళ్లు చీర్ ఒక్కటే నాటవద్దు. ఎండాకాలంలో రాలిన దాని సూదులకు ఇట్టే నిప్పంటుకుంటుంది. బాంజ్ ఓక్ గింజలు కూడా ఏరి, ఎండిపోకముందే నాటాలి.

ప్రిన్సిపాల్‌గారిని, ఉపాధ్యాయులను మేము కోరేది ఒకటే. ప్రతి మొక్కకూ ఒక నోటుబుక్కు ఉండాలి. పేరు, గింజ ఎక్కడిది, నాటిన తేదీ, నెలనెలా ఎత్తు అందులో రాయాలి. టీసీ తీసుకునే విద్యార్థి ఆ పుస్తకాన్ని మరొకరి చేతికిచ్చి వెళ్లాలి. వేసవిలో క్వార్టర్స్ మొత్తం ఒకేసారి ఖాళీ కాదు కనుక, ఉన్నవాళ్లు వంతులవారీగా నీళ్లు పోయవచ్చు. వచ్చే మార్చిలోగా మాలో ఎవరికో ఒకరికి ఉత్తర్వు వస్తుంది. నోటుబుక్కులు ఈ నెలలోనే ఇప్పించండి.